నల్లా పైపు మీద గరిటె

నాకు అన్నిటికన్నా పెద్ద భయం ఒకటే. పగటిపూట నేను కళ్లు తిరిగి పడిపోతే, ఏడాది నిండని నా బిడ్డ దీక్షిత పక్కనే ఏడుస్తూ ఉంటుంది. సాయంత్రం మా ఆయన సంపత్ వచ్చేదాకా ఎవరికీ తెలియదు.

బోథ్ నుంచి కరీంనగర్ వచ్చి ఈ పై వాటాలో దిగినప్పటి నుంచీ ఇదే దిగులు. తొమ్మిదో తరగతిలోనే బడి మానేసినదాన్ని, ఊళ్లో ఎవరితో ఏం మాట్లాడాలో తెలిసేది కాదు. కింది వాటాలో సలీమమ్మ ఒక్కతే ఉండేది. పొద్దున నల్లా నీళ్లు రాగానే, రెండు వాటాలకూ పోయే పైపు మీద గరిటెతో కొట్టేది. నేను చెంచాతో తిరిగి కొట్టాలి. ఒకసారి మర్చిపోతే, మోకాళ్లు పట్టుకొని మెట్లెక్కి వచ్చింది.

"ఏందే, చెంచా అమ్ముకున్నవా? సప్పుడు లేకుంటే నాకు పరేషాన్ గాదా?"

"పిల్ల ఏడుస్తుంటే మర్సిన సలీమమ్మా."

"పిల్ల ఏడ్వనీ. ఏడుస్తున్నదంటే మంచిగున్నట్టే. నువ్వు సప్పుడు చెయ్యి."

ఆ చప్పుడుతోనే నాకు తెల్లారేది. నేనున్నానని ఒక మనిషికి తెలుసు కదా అనుకుంటే చేతులకు పని తోచేది.

పోయిన నెల ఒక పొద్దున పైపులో నీళ్లు వస్తున్నాయి, గరిటె చప్పుడు లేదు. నేనే కొట్టాను. మళ్లీ కొట్టాను. పిల్లను చంకనేసుకొని దిగేసరికి నీళ్లు గడప దాటుతున్నాయి. తలుపుకు గడియ పెట్టి లేదు. సలీమమ్మ నల్లా దగ్గర పడి ఉంది, గరిటె చేతికి జానెడు దూరంలో.

"గరిటె అందలే బేటీ," అంది. "నువ్వు కొట్టేది ఇనబడ్డది."

తుంటి ఎముక విరిగింది. ఆపరేషన్ అయ్యాక ఆమె చెల్లెలు రుబీనా ఆసిఫాబాద్‌లో తన ఇంటికి తీసుకెళ్లింది. అక్కడి నుంచి సలీమమ్మ రోజూ పొద్దున నల్లా వేళకు ఫోన్ చేసేది. మొన్నటి నుంచి ఆ ఫోన్ రావడం లేదు. నేను చేస్తే మోగుతుంది, ఎవరూ ఎత్తరు. రుబీనా పగలంతా కుట్టుపనికి పోతుంది, ఆమె నంబరు నా దగ్గర లేదు.

"ఊకె ఫికర్ జేస్తవ్. ఛార్జింగ్ లేదేమో," అన్నాడు సంపత్.

"ఛార్జింగ్ లేకుంటే మోగుతదా?"

అతనికి సెలవు దొరకదట. పిల్లతో ఒక్కదాన్నే బస్సెక్కాలంటే నాకు భయం.

మీలో ఎవరిదైనా ఆసిఫాబాద్ అయితే, బస్టాండు వెనక గల్లీలో పచ్చ తలుపు ఇల్లు రుబీనాది. జర పోయి చూడండి. పిలిచినా పలకకపోతే బయటి నల్లా పైపు మీద ఏదైనా పెట్టి కొట్టండి. ఆమెకు వినబడుతుంది.