బంతిపూల బాట

గల్ఫ్‌లోని మహబూలాలో ఓ అద్దె ఫ్లాట్ ఊడ్వడానికి వచ్చిన భాగ్యలత, హాల్లోకి చూసి చీపురు పక్కన పెట్టేసింది. గుమ్మం నుంచి బల్ల దాకా బంతిపూల రెక్కలు బాటలా పరిచి ఉన్నాయి. బల్ల మీద కొవ్వొత్తులు, రొట్టె, ఓ మగమనిషి ఫొటో. పండక్కి గుమ్మానికి కట్టుకునే పూలతో ఇదేం పనని ఆమెకు ఒళ్లు మండింది.

"ఎవలు మేడం ఈయన?"

"మా నాన్న. ఈ పక్కూరు అహ్మదికి చమురు పని మీద వచ్చి ఇక్కడే పోయాడు. ఏటా ఈ రోజున చనిపోయినవాళ్లు పూల వాసన పట్టుకుని ఇంటికొస్తారు. మావాళ్ల ఆచారం," అంది మారిసోల్.

మారిసోల్ డాక్యుమెంటరీలు తీస్తుంది. తాతలది మెక్సికో, పుట్టింది టెక్సస్‌లో. అమెరికాలో మెక్సికన్ అంటారు, మెక్సికో వెళితే అమెరికన్ అంటారు. అలా రెంటికీ చెడ్డ రేవడిలా పెరిగిన తనలాంటివాళ్ల మీదే ఇప్పుడు తీస్తున్న సినిమా. కెమెరా ముందు ధీమాగా మాట్లాడుతుంది కానీ, ఈ పూజ తల్లి నేర్పింది కాదు, ఫోన్లో చూసి నేర్చుకుంది.

భాగ్యలతకు ఆ గొడవ పట్టలేదు. ఇళ్లలో పనిచేసి అబ్బిన వచ్చీరాని ఇంగ్లీషులో ఒకటే అడిగింది. "బతికున్నోళ్ల ఫొటో పెడితే?"

"బతికుంటే ఎందుకొస్తారు? రారు."

భాగ్యలత మొగుడు నర్సింగ్ ఇక్కడ తనకు వీసా ఇచ్చిన యజమాని, కఫీల్ దగ్గర నుంచి పారిపోయి ఏళ్లయింది. ఉన్నాడో పోయాడో తెలియదు. వెతుక్కుంటూ ఆమె కూడా జగిత్యాల నుంచి ఇక్కడికి పనికొచ్చింది. ఊళ్లో అత్త ముత్తెవ్వ మాత్రం, ఇక కర్మ చేసేద్దాం, పుస్తెలు తీసెయ్యమని ఫోన్లో ప్రాణం తోడేస్తోంది. ఈ శుక్రవారం ఏదో ఒకటి తేల్చి చెప్పాలి.

పర్సులోంచి నర్సింగ్ ఫొటో తీసి ఆ పెద్దాయన పక్కన పెట్టింది. మొగుడు రాకూడదని మొక్కుకోవడం ఆమెకు అదే మొదటిసారి.

పొద్దుగూకి మగ్రిబ్ నమాజు పిలుపు వినిపించాక లైట్లార్పి, కెమెరా ఆపేసి ఇద్దరూ వంటింట్లో కూర్చున్నారు. ఏ అలికిడీ లేదు. కొవ్వొత్తులు కరిగిపోయాయి. హాల్లోకి వెళ్లిన మారిసోల్ అక్కడే కూలబడి ఏడ్చింది.

"రాలేదు. నేను వేసిన దారిని మా నాన్న గుర్తుపట్టలేదు. నేనేం మెక్సికన్‌ని?"

భాగ్యలత నర్సింగ్ ఫొటో వైపు చూసింది. నిజంగా చచ్చిపోయినాయనే రాకపోతే, నర్సింగ్ రాలేదు కనక బతికే ఉన్నాడని ఎలా నమ్మడం? మేడం నాన్న వచ్చి తీరాలి.

"అచ్చిండు మేడం! మీ నాయిన అచ్చిండు. వంటింటి తలుపు సందులకెళ్లి నేను సూసిన."

మారిసోల్ ఆమె రెండు చేతులూ పట్టుకుంది. "ఎలా వచ్చాడు? చెప్పు."

అబద్ధానికి అడ్డేముంది, భాగ్యలత నోటికొచ్చింది అల్లుకుంటూ పోయింది. "చెప్పులు బయటనే ఇడిసిండు. తలకాయ వంచుకొని అచ్చిండు. పూలు తొక్కకుంట, పక్కపొంటి, ఎడమకాలు జర ఈడ్సుకుంట..."

అది నర్సింగ్ నడక. ఆపుదామన్నా ఆగకుండా కళ్ల ముందు నడుస్తూనే ఉన్నాడు.

"తర్వాత?" అని ఆశగా అడిగింది మారిసోల్.

"నా దిక్కు సూసిండు మేడం," అని భాగ్యలత బావురుమంది.