దసరా నాటి ఇమేజ్

యాదగిరికి కంప్యూటర్ మీదున్న ప్రేమలో సగం తన మీదుంటే చాలనుకునేది అతని భార్య సుమిత్ర. కాజీపల్లి మందుల కంపెనీలో డ్యూటీ దిగి చిట్కుల్‌లోని ఇంటికొస్తే చాలు, దాని ముందే తిష్ఠ వేసేవాడు. దసరా పూజలో దానికీ బొట్టు పెట్టి, నిమ్మకాయ కోసి, ఆ వెంటనే ఇమేజ్ తీశాడు. అంటే లోపలున్నదంతా ఉన్నదున్నట్టు నకలు తీసి వేరే డిస్కులో దాచడమన్నమాట. ఎప్పుడు పాడైనా ఆ నకలు ఎక్కిస్తే, కంప్యూటర్ మళ్లీ ఆ రోజు ఎలా ఉందో అలా అయిపోతుంది.

"నెలకోసారి కొత్త ఇమేజ్ తియ్యమన్నడు గద షాపాయన?" అని సుమిత్ర అడిగితే కసిరాడు.

"పూజ చేసి తీసిన. దాన్ని మారుస్తరా ఎవరన్న?"

అంత మొండి మనిషికి ఎవరు మాత్రం ఏం చెప్తారు!

ఎండాకాలంలో అతని తల్లి మొగులమ్మ మైకు ముందు కూర్చుని నాట్ల పాటలు పాడింది. వానలు మొదలయ్యాక జ్వరమొచ్చి చనిపోయింది. ఆమె గొంతు ఆ కంప్యూటర్లోనే మిగిలింది. సుమిత్ర రోజూ వంట చేస్తూ పెట్టించుకుని వినేది.

ఒక ఆదివారం కంప్యూటర్‌కు వైరస్ పట్టి మొరాయించింది.

"పరేషాన్ గాకు. దసరా నాటిది ఉన్నది గద" అంటూ యాదగిరి ధీమాగా ఆ ఇమేజ్ ఎక్కించేశాడు. కంప్యూటర్ కొత్తదానిలా తెరుచుకుంది.

"ఇగ అత్త పాటలు పెట్టు" అంది సుమిత్ర.

వెతికాడు. మళ్లీ వెతికాడు. పాటలు లేవు. దసరా నాటికి మొగులమ్మ బతికే ఉంది, చేతిలో జమ్మి ఆకు పెట్టి మొక్కినవాళ్లను దీవిస్తూ గుమ్మంలో కూర్చుని ఉంది. పాటలే ఇంకా పాడలేదు.

సుమిత్రకు ఒళ్లు మండిపోయింది. కానీ తల పట్టుకుని కూర్చున్న మొగుణ్ని చూసి మెత్తబడింది. "గా పాటలు నాకొస్తయి. మైకు పెట్టు" అంది.

నాట్లేసేటప్పుడు మొగులమ్మ ముందు పాడేది. మిగతా ఆడవాళ్లు వెనక అందుకునేవాళ్లు. పెళ్లయిన నాటి నుంచీ సుమిత్ర అందుకున్నదే. ఇప్పుడు నోరు తెరిస్తే ఆ అందుకునే మాటే వచ్చింది. మళ్లీ మొదలుపెట్టినా అదే వచ్చింది.

"ముందలిది అత్తనె పాడుతుండె" అంది.

యాదగిరి మైకు ఆపలేదు. సుమిత్ర కళ్లు తుడుచుకుని, అత్త పాడేంతసేపూ ఆగి, అందుకుంది.