పిల్లింగ్ గారి మాట

ఆర్కెన్‌షా టౌన్ జట్టు ఆ ఏడాది అంత ఘోరంగా దెబ్బతినడానికి కారణం పిల్లింగ్ గారి మంచితనమే. ఆ సంగతి ఊళ్ళో అందరికీ తెలుసు. పైకి అనడానికి మాత్రం ఎవరికీ నోరు రాలేదు.

యుద్ధం వచ్చి లీగ్ ఆటలు ఆగిపోయే నాటికి టౌన్ మూడు మ్యాచ్‌లు ఆడి మూడూ గెలిచింది. మూడో డివిజన్‌లో అందరికంటే పైన నిలబడింది. ఊళ్ళో తాతల కాలం నుంచీ అటువంటి ముచ్చట ఎవరూ చూసి ఎరగరు. ఆ చివరి మ్యాచ్ అయ్యాక క్లబ్బు ఛైర్మన్ ఎనాక్ పిల్లింగ్ గారు ఆటగాళ్ళు బట్టలు మార్చుకునే గదిలోకి వచ్చి, టోపీ తీసి చేత్తో పట్టుకుని నిలబడ్డారు.

"అబ్బాయిలూ, మీరు ఎక్కడికి పోయినా సరే, ఎన్నేళ్ళకు వచ్చినా సరే, ఎవరి చిలక్కొయ్య వాళ్ళదే. నేను బతికుండగా దాని మీద ఇంకొకడి చొక్కా వేలాడదు" అన్నారు.

ఆయనది మాంసం కొట్టు. తూకంలో గానీ మాటలో గానీ తేడా చేసే మనిషి కారు.

ఏడేళ్ళ తర్వాత ఆ పదకొండు మందిలో తొమ్మిది మంది తిరిగొచ్చారు. ఒకడు సముద్రంలో పోయాడు, ఇంకొకడు బర్మాలో. వాళ్ళ చిలక్కొయ్యలు అలాగే ఖాళీగా ఉండిపోయాయి. వాళ్ళ స్థానాల్లోకి వచ్చిన కుర్రాళ్ళిద్దరూ తలుపు వెనక మేకులకి కోట్లు తగిలించుకునేవాళ్ళు. అలా చెయ్యమని వాళ్ళకి ఎవరూ చెప్పలేదు. మిగతా తొమ్మిదింటికీ పాతవాళ్ళ చొక్కాలే వేలాడాయి. చొక్కాలు అవే గానీ వాటిలో దూరిన ఒళ్ళు మాత్రం అవి కావు. యుద్ధం తినగా మిగిలిన ఒళ్ళు.

కెప్టెన్ హెడ్లీ క్రాబ్‌ట్రీకి ముప్పై ఆరేళ్ళు. సెంటర్ హాఫ్. అవతలి జట్టులో గోల్ కొట్టడానికి వచ్చే మొనగాణ్ణి అంటిపెట్టుకుని తిరుగుతూ, వాణ్ణి కదలనివ్వకుండా కాపు కాయడం అతని పని. ఒకప్పుడు హెడ్లీ కాపు కాస్తున్నాడంటే గోల్‌కీపర్ చేతులు కట్టుకుని నిలబడొచ్చు అనేవారు. ఇటలీలో ఒక వంతెన దగ్గర ఎడమ మోకాలికి దెబ్బ తగిలింది. నేరుగా పరిగెత్తితే ఏమీ తెలిసేది కాదు. ఆగి వెనక్కి తిరగాలంటేనే ఆ కాలు మొరాయించేది.

ఆగస్టు నుంచీ ఓటములే. క్రిస్మస్ దాటాక మంచు మొదలై వదల్లేదు. బొగ్గు దొరక్క మిల్లులు మూతపడ్డాయి, మైదానం రాయైపోయి మ్యాచ్‌ల మీద మ్యాచ్‌లు వాయిదా పడ్డాయి. మంచు కరిగితే బురద. ఆ బురదలో ఆడిన మొదటి మ్యాచ్‌లో నాలుగు గోల్స్ తిన్నారు. అందులో మూడు హెడ్లీ పక్కనుంచి పోయినవే.

"ఒరేయ్ హెడ్లీ, వాడు వెళ్ళిపోయాడురా! ఉత్తరం ముక్క రాసి పడెయ్, ఆగుతాడేమో!" అని మైదానం అంచున కమ్మీని ఆనుకుని చూస్తున్నవాళ్ళలో ఒకడు అరిచాడు.

"ఎందుకు పాపం అతన్ని అంటావ్? మొన్నటిదాకా నా పెరట్లో ఉన్న మంచుబొమ్మ కంటే కాస్త నయమే కదా!"

"ఏం నయం? మంచుబొమ్మ కనీసం కరిగింది. ఇతను అక్కణ్ణుంచి కదిలితేగా!"

హెడ్లీ కూడా నవ్వేశాడు. తిట్టేవాడు ఇంకా ఆశ వదులుకోలేదన్నమాటే కదా అనుకున్నాడు.

ఓటముల బాధ ఒక ఎత్తు, ఇంటి బెంగ ఇంకొక ఎత్తు. కాలువ వీధిలో క్లబ్బుకి నాలుగు ఇళ్ళున్నాయి. అందులో ఒకదాంట్లో హెడ్లీ కాపురం. మొదటి జట్టులో ఆడేవాళ్ళకే ఇస్తారు. చొక్కా పోతే, ఆ నెలాఖరులోగా తాళాలు ఇచ్చెయ్యాలి. యుద్ధంలో కొత్త ఇల్లు కట్టినవాడు లేడు. పెళ్ళైన జంటలు అత్తవారి ముందు గదుల్లో దుప్పట్లు అడ్డం కట్టుకుని కాపురాలు చేస్తున్న రోజులవి. హెడ్లీ భార్య ఏడా యుద్ధం ఉన్నన్నాళ్ళూ ఇద్దరు ఆడపిల్లలతో అక్క ఇంట్లోనే తలదాచుకుంది. చిన్నది, బెరిల్, తండ్రి సైన్యంలోకి వెళ్ళాక పుట్టింది. అతను తిరిగొచ్చిన కొత్తలో, "అమ్మా, ఆ మనిషి రేపు కూడా ఇక్కడే ఉంటాడా?" అని అడిగింది. కాలువ వీధి ఇంట్లో చేరిన చాలా నెలలకి, ఆ మార్చిలో, మొదటిసారి "నాన్నా" అంది. అన్నది కూడా బొగ్గు తెమ్మని.

హెడ్లీ స్థానానికి తగిన మనిషి లేక కాదు. డెరిక్ లోమాక్స్ అని, గనిలో పనిచేసే ఇరవై రెండేళ్ళవాడు, రెండో జట్టులో ఆడుతున్నాడు. వాడి కాళ్ళు రెండూ వాడి మాట వినేవి. భార్యతో, చంటిదానితో అత్తగారి ముందు గదిలో ఉంటున్నాడు. మంచానికి చోటు లేక పియానోకీ గోడకీ మధ్య ఇరికించారట. వాడి ఆట చూసినప్పుడల్లా హెడ్లీకి ముచ్చటేసేది. ఆ వెంటనే కాలువ వీధి ఇల్లు గుర్తొచ్చేది.

వాయిదా పడిన మ్యాచ్‌లన్నీ ఆడుకుంటూ వచ్చేసరికి సీజను జూన్‌లోకి జారింది. చివరి మ్యాచ్ ఒక్కటే మిగిలింది. అది డ్రా అయినా టౌన్ గట్టెక్కుతుంది. ఓడితే అట్టడుగు రెండు జట్లలో పడుతుంది. అప్పుడు లీగ్ సమావేశానికి పోయి, మిగతా క్లబ్బుల పెద్దల ముందు చేతులు కట్టుకుని, మమ్మల్ని ఉంచండి బాబూ అని ప్రాధేయపడాలి. వాళ్ళు కాదంటే టౌన్ కథ ముగిసినట్టే.

ఆ గురువారం మధ్యాహ్నం పిల్లింగ్ గారు కబురు పెట్టారు. కొట్టు ముందు రేషను వరస తగ్గాక హెడ్లీని వెనక గదిలోకి పిలిచి బల్ల చూపించారు.

"మోకాలెలా ఉంది?"

"బాగానే ఉందండీ."

"నాతోనా అబద్ధం? జంతువు నడక చూసి కాలి సంగతి చెప్పే వృత్తి నాది."

"మరి నన్ను కొంటారా? ఈ వయసు మాంసం కూపన్లకి కూడా ఎవరూ తీసుకోరనుకుంటా."

పిల్లింగ్ గారు నవ్వలేదు. గుడ్డతో చేతులు తుడుచుకుంటూనే ఉన్నారు.

"మిగతా డైరెక్టర్లందరూ లోమాక్స్‌ని దింపమంటున్నారు హెడ్లీ. ఏడాదిగా అంటూనే ఉన్నారు. నేను ఒప్పుకోలేదు. మాటిచ్చాను, మాట తప్పను. కానీ..." ఆయన గుడ్డని మడతపెట్టారు. "కానీ నీ అంతట నువ్వే వద్దంటే అది వేరే సంగతి. అప్పుడు నేను మాట తప్పినట్టు కాదు."

ఆయన ఏడాది పొడుగునా మోసిన మూటని మెల్లగా దించి, తన భుజం మీదికి జరిపారని హెడ్లీకి అర్థమైంది.

"మరి ఇల్లండీ?"

"అది నా ఒక్కడి చేతిలో లేదు నాయనా. కమిటీ కట్టుబాటు. ఇంటి కోసం లోమాక్స్ కూడా అడిగి ఉన్నాడు." ఆయన లేచి నిలబడ్డారు. "రేపటికల్లా చెప్పు. నువ్వు ఆడతానంటే నువ్వే ఆడతావు. దానికి తిరుగులేదు."

ఇంటికి వెళ్ళేసరికి ఏడా బంగాళాదుంపల కూర నింపిన గిన్నె మీద పిండి మూత అద్దుతోంది. హెడ్లీ విషయమంతా చెప్పాడు. ఆమె చెయ్యి ఆపకుండా వింది.

"ఆడగలవా?"

"ఒక గంట ఆడగలను."

"ఆట గంటన్నర కదా?"

"తర్వాత అరగంటకి దేవుడున్నాడు."

"ఆయన ఈ ఏడాది మనవైపు ఒక్క మ్యాచ్ కూడా ఆడినట్టు లేదే" అంది ఏడా. అంటూనే ముఖం తిప్పుకుంది. "చూడు హెడ్లీ. అన్నేళ్ళూ మా అక్క వంటింట్లో, నీళ్ళు కాచుకోవాలన్నా అడిగి కాచుకున్నాను. పిల్లలు గట్టిగా నవ్వితే నోరు మూశాను. ఇప్పుడు నా పొయ్యి నాకుంది. క్లబ్బు ఏమైతే నాకేంటి? నీకు నచ్చినట్టు చెయ్యి. ఇల్లు వదిలేద్దామా అని మాత్రం నన్నడక్కు. నా నోటంట ఊ అని రాదు."

అతను అడగలేదు. మర్నాడు కొట్టుకి వెళ్ళి, "ఆడతానండీ" అన్నాడు. పిల్లింగ్ గారు కత్తి పక్కన పెట్టి, "సరే. మాటంటే మాటే" అన్నారు. ఆయన కళ్ళు మాత్రం వరసలో నిలబడ్డ ఆడవాళ్ళ మీదే ఉన్నాయి.

శనివారం ఎండ మండిపోయింది. శీతాకాలమంతా బురదలో పొర్లిన మైదానం ఇప్పుడు ఎండి బీటలు వారి, బంతి పడ్డచోటల్లా దుమ్ము లేపింది. హెడ్లీ మోకాలికి గట్టిగా కట్టు కట్టుకున్నాడు. మొదటి గంట బాగా ఆడాడు. తలకి అందిన ప్రతి బంతినీ వెనక్కి కొట్టాడు. అవతలి సెంటర్ ఫార్వర్డు ఎర్రజుట్టు కుర్రాడు ఒకడు, "ఏం ముసలాయనా, ఇంకా ఇంటికి పోలేదా?" అంటే, "పోదామంటే నువ్వు దారికి అడ్డమున్నావు" అని నవ్వించాడు కూడా. విరామానికి ముందు టౌన్ ఒక గోల్ కొట్టింది. తర్వాత వాళ్ళూ ఒకటి కొట్టారు. అక్కడితో ఆగితే చాలు.

ఇంకా కాసేపట్లో ముగుస్తుందనగా వాళ్ళు మధ్యలోంచి పొడుగ్గా ఒక బంతి వేశారు. అది ఎక్కడ పడుతుందో మైదానంలో అందరికంటే ముందు హెడ్లీకే తెలిసింది. అతని మనసు అప్పుడే వెనక్కి మళ్ళింది, కాలే మళ్ళలేదు. ఎర్రజుట్టువాడు పక్కనుంచి దూసుకుపోతుంటే చొక్కా పట్టుకుని లాగేద్దామని చెయ్యి చాచాడు. చేతికి గాలి తప్ప ఏమీ తగల్లేదు. హెడ్లీ మోకాళ్ళ మీద కూలబడ్డాడు. గోల్ పడడం చూడలేదు గానీ, వల మీద బంతి తగిలిన చప్పుడు విన్నాడు. మైదానమంతా అంత నిశ్శబ్దంగా ఉంది.

ఎవరూ తిట్టలేదు. ఆట ముగిశాక అతను కుంటుకుంటూ కమ్మీ పక్కనుంచి పోతుంటే, ఎప్పుడూ గొంతు చించుకునే మనిషే, టోపీ సర్దుకుంటూ, "పోనీలే నాయనా. మనమందరం పెద్దవాళ్ళమైపోయాం" అన్నాడు. హెడ్లీ తలదించుకుని లోపలికి పోయాడు. ఆ రోజు వెయ్యి తిట్లు తిట్టినా అతను సంతోషంగా పడేవాడు.

గదిలో కూర్చున్నాక వంగి బూట్ల తాళ్ళు విప్పుకోవడం అతని వల్ల కాలేదు. ఆట చూడడానికి వచ్చిన లోమాక్స్ అది గమనించి, మారుమాట లేకుండా నేల మీద కూర్చుని విప్పసాగాడు.

"బాగానే ఆడారు క్రాబ్‌ట్రీ గారూ."

"నువ్వైతే ఆ బంతి ఆపేవాడివా?"

లోమాక్స్ రెండో బూటు ముడి లాగాడు. తర్వాత, "ఏమోనండీ" అన్నాడు. అబద్ధం చెప్పడం చేతకాని మనిషి.

పిల్లింగ్ గారు ఉన్నవాటిలో మంచి సూటు వేసుకుని లీగ్ సమావేశానికి పోయొచ్చారు. పెద్ద క్లబ్బులవాళ్ళు యుద్ధంలో అందరం నలిగినవాళ్ళమే కదా అని జాలిపడి, ఈసారికి ఉండనిచ్చారు. ఊళ్ళో ఎవరూ సంబరం చేసుకోలేదు. బిచ్చం దొరికిందని బాజాలు పెట్టుకోరు కదా.

కబురు తెలిసిన సాయంత్రమే హెడ్లీ కొట్టు వెనక గదికి వెళ్ళాడు.

"ఏం బెంగపడకు" అన్నారు పిల్లింగ్ గారు అతన్ని చూడగానే. "గండం గడిచింది. వచ్చే ఏడాది కూడా నీ చోటు నీదే. నేను..."

"వద్దండీ. మీ మాట మీకు తిరిగిచ్చేస్తున్నాను. లోమాక్స్‌ని తీసుకోండి."

పిల్లింగ్ గారు వద్దని బతిమాలతారని హెడ్లీ అనుకోలేదు. కనీసం రెండో మాటు అడుగుతారేమో అనుకున్నాడు. ఆయన అడగలేదు. గుండెల నిండా గాలి పీల్చి వదిలారు. బిగిసిన భుజాలు దిగాయి. ఏడాదిగా ముడుచుకుని ఉన్న ముఖం కళ్ళ ముందే విచ్చుకుంది. గెలిచిన రోజున కూడా హెడ్లీ ఆయన ముఖంలో అంత వెలుగు చూడలేదు.

"నువ్వు పెద్దమనిషివి హెడ్లీ" అని, ఒక కార్జం ముక్క కాగితంలో చుట్టి చేతిలో పెట్టారు. "ఏడాకి ఇవ్వు."

ఈ మాట ఆ గురువారమే అని ఉంటే అని ఇద్దరిలో ఎవరూ అనలేదు. హెడ్లీ పొట్లం పట్టుకుని ఇంటికి నడిచాడు.

హెడ్లీ సంగతి చెబుతుంటే ఏడా కార్జం కడిగి, కోసి, ఉల్లిపాయలతో పొయ్యి మీద వేసింది.

"ఎప్పటికి ఖాళీ చెయ్యాలి?"

"నెలాఖరుకి."

"అక్కకి చెప్తాను. ఆ పైగది ఇంకా ఖాళీగానే ఉంది." గరిటెతో కాసేపు కలిపింది. "ఎలాగూ పోయే ఇల్లు. దానికోసం నిన్ను అందరి ముందూ నిలబెట్టాను."

"నువ్వు నిలబెట్టలేదు. నేనే నిలబడ్డాను."

"నేను ఆడొద్దని అనలేదు కదా" అంది ఏడా.

ఆదివారం ప్రార్థన అయ్యాక లోమాక్స్ దంపతులు ఇల్లు చూడ్డానికి వచ్చారు. లోమాక్స్ గుమ్మంలోనే నిలబడిపోయాడు, లోపలికి రావడానికి సిగ్గుపడి. అతని భార్య ఐవీ మాత్రం చంటిదాన్ని చంకనేసుకుని గదిగదీ తిరిగింది. సంతోషం దాచుకుందామని ఎంత ప్రయత్నించినా ఆ పిల్లకి చేతకాలేదు. కిటికీ తీసి చూసింది, మూసి చూసింది. గోడ మీద చెయ్యి వేసి, ఆ చెయ్యి కాసేపు అక్కడే ఉంచేసింది. ఏడా ఆమె వెనకాలే నడుస్తూ, గాలి ఏ వైపు నుంచి వస్తే పొగ గదిలోకి తన్నుతుందో, చెమ్మ ఏ మూల దిగుతుందో చెబుతూ వచ్చింది. బెరిల్ తండ్రి కోటు పట్టుకుని, ఎవరీవిడ అన్నట్టు చూస్తోంది.

"అత్తయ్యా" అంది ఐవీ వంటింట్లో, గొంతు తగ్గించి. "మమ్మల్ని ఇక్కడ ఎన్నాళ్ళు ఉండనిస్తారు?"

ఏడా గుమ్మంలో నిలబడ్డ కుర్రాడి వైపు చూసింది. వాడు ఏమీ తోచక ఒంటికాలి మీద నిలబడి, రెండో కాలితో గడపని తడుతున్నాడు.

"మీ ఆయన మోకాళ్ళు ఉన్నన్నాళ్ళు" అంది.

ఐవీకి నవ్వాలో వద్దో తెలియలేదు. ఏడా కూడా నవ్వలేదు. వెనక తలుపు గడియ తీసి, బొగ్గు ఎక్కడ పోసుకోవాలో చూపించడానికి ఆమెను పెరట్లోకి తీసుకెళ్ళింది.