నలభై ఎనిమిది గడులు

పద్దెనిమిది, పందొమ్మిది, ఇరవై... మునిశేఖర్ పెదవులు కదపకుండా లెక్క పెడుతున్నాడు. గుంతలోకి దించిన ఇనుప కడ్డీకి పైన అడ్డంగా ఉన్న పిడిని రెండు చేతులా పట్టుకుని, ఒంటి బరువంతా దాని మీద వేసి, గానుగెద్దులా గుండ్రంగా తిరుగుతున్నాడు. ఇరవై రెండో తిప్పుకు కింద గొట్టం గుర్రుమంది. కొర్లగుంట మూడో వీధిలో బిందెలు మోగాయి. తెల్లవారి అయిదున్నరయింది. ఆయన కడ్డీ పైకి లాగి, సైకిలు బారుకు కట్టుకుని, జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఎర్ర పెన్సిలుతో టైము రాసుకున్నాడు.

మున్సిపాలిటీ వాళ్ళు ఆయనకు అప్పజెప్పినవి పన్నెండు వీధులు, పందొమ్మిది వాల్వులు. ఏది ఎన్ని తిప్పులకు తెరుచుకుంటుందో, ఎన్నింటికి మూసుకుంటుందో నోటికి వచ్చు. ఇరవై ఒక్క ఏళ్ళుగా తిప్పీ తిప్పీ కుడి భుజం ఎడమదాని కంటే రెండంగుళాలు కిందికి జారింది. అరచేతుల్లో కాయలు ఎంత గట్టివంటే, టీ అంగట్లో కాలుతున్న గాజు గ్లాసును మామూలుగా పట్టుకుని తాగేస్తాడు. ఇంతకు మించి ఆయన గురించి చెప్పుకోవడానికి ఏమీ లేదు. ఆ వీధుల వాళ్ళు నీళ్ళొస్తే ఆయన్ను తలుచుకోరు, రాకపోతే మాత్రం ఇంటిపేరుతో సహా తలుచుకుంటారు.

పందొమ్మిదింటిలో ఆయనకు పడనిది ఒక్కటే, చర్చి వీధి వాల్వు. దాని మర అరిగిపోయింది. తిప్పితే తిరుగుతూనే ఉంటుంది, లోపల పలక మాత్రం దిగదు. చేతికి పని జరుగుతున్నట్టే ఉంటుంది, నీళ్ళు మాత్రం ఆగవు. మారుస్తామని ఇంజనీరు రెండేళ్ళుగా చెబుతున్నాడు. లెక్కకు లొంగని వస్తువంటే ఆయనకు భయం.

ఇంకో భయం కూడా ఉంది. అది పాతది. ఆయన నాయన మునెయ్య కూడా నీళ్ళ గొట్టాల కూలీయే. అరవై ఒకటో ఏట పెద్దాసుపత్రిలో పోయాడు. శవాన్ని బాడుగ గదికి తీసుకొస్తే ఇంటి ఓనరు వాకిట్లో చేతులు అడ్డం పెట్టి నిలబడ్డాడు. బాడుగకుండేవాళ్ళ పీనుగు ఇంట్లోకి రాకూడదన్నాడు. వాన పడుతోంది. మునెయ్యను పంపుహౌసు రేకుల కింద, బ్లీచింగు మూటల పక్కన పడుకోబెట్టారు. ఆ రాత్రంతా నాయన కాళ్ళ మీద జల్లు పడకుండా గొడుగు పట్టుకుని కూర్చున్న మునిశేఖర్, తన పీనుగు మాత్రం తన సొంత గడప మీదుగానే బయటికి పోవాలని నిర్ణయించుకున్నాడు. మనుషులు ఇల్లు ఎందుకు కట్టుకుంటారో ఎవరి కారణాలు వాళ్ళకుంటాయి. ఆయన కారణం ఇది.

అందుకే రెండు వేల నాలుగులో, కరకంబాడి రోడ్డు దాటాక లోపలికి, రెండు గదుల ఇల్లు కట్టుకున్నాడు. ఇళ్ళ అప్పుల కంపెనీ నాలుగు లక్షలిచ్చింది. నెలకు మూడు వేల ఏడు వందల అరవై అయిదు, నూట ఎనభై కంతులు, పదిహేనేళ్ళు. యాభై ఎనిమిదికి ఉద్యోగం దిగే నెలలోనే అప్పు కూడా తీరిపోతుంది. అంత చక్కగా కుదిరిన లెక్కను ఆయన జన్మలో చూడలేదు. గృహప్రవేశం రోజే వంటింటి తలుపు వెనక స్కేలు పెట్టి నూట ఎనభై గడులు గీశాడు. వరసకు పన్నెండు, పదిహేను వరసలు. తలుపు పక్కన మేకు కొట్టి, ఆఫీసులో ఇచ్చిన ఎర్ర పెన్సిల్ని సగానికి విరిచి దారంతో వేలాడదీశాడు. చెక్కు పాసైన రోజు ఒక గడి నింపుతాడు. నూట ఎనభైని మూడు వేల ఏడు వందల అరవై అయిదుతో ఏనాడూ హెచ్చవేయలేదు. ఆయనకు గడులు ముఖ్యం.

మొన్నటితో నాలుగు వరసలు నిండాయి. అప్పు తీసుకున్నప్పుడు ముందు తేదీలతో ఇచ్చిన నలభై ఎనిమిది చెక్కులు అయిపోయాయనీ, కొత్తవి ఇవ్వాలనీ కంపెనీ నుంచి ఫోనొచ్చింది. ఆ రోజు పదకొండింటికి మునిశేఖర్ ముఖం కడుక్కుని, తల దువ్వుకుని, చెక్కుబుక్కులు ప్లాస్టిక్ సంచిలో పెట్టుకుని అక్కడికి వెళ్ళాడు. సైకిలు స్టాండు వేస్తూ కడ్డీని ఎక్కడ పెట్టాలో తెలియక, వాచ్‌మన్‌ను బతిమాలి గోడకు ఆనించాడు.

జయరావు అక్కడ చాలాకాలంగా పనిచేస్తున్న గుమాస్తా. ముక్కు చివర కళ్ళద్దాలు, మెడలో మఫ్లరు, ఏసీ ఆయనకు పడదు.

"ముప్పై ఆరు చెక్కులు రాసి సంతకం పెట్టప్పా. అయిపోయినాక మళ్ళీ పిలుస్తాం."

"ఇప్పుడు ముప్పై ఆరు, ఆ పైన తొంభై ఆరు. అంతే గదా సార్. మొత్తం నూట ముప్పై రెండు."

జయరావు కంప్యూటరు వైపు చూశాడు. ఏదో నొక్కి మళ్ళీ చూశాడు.

"నూట ముప్పై రెండు కాదే. రెండు వందల ఎనభై రెండు."

మునిశేఖర్‌కు నవ్వొచ్చింది. "వేరే వాళ్ళది సూస్తా ఉండారు సార్."

జయరావు తెర ఇటు తిప్పాడు. మునిశేఖర్, తండ్రి మునెయ్య, లేటు. ఆ పేరు కనబడగానే నవ్వు ఆగిపోయింది.

"నువ్వు తీసుకున్నప్పుడు వడ్డీ ఏడూ ముక్కాలు," జయరావు మెల్లగా చెప్పాడు. "మారే వడ్డీ అని కాయితంలోనే ఉండాది, నువ్వు సంతకం పెట్టినావు. అది పెరిగి పెరిగి ఇప్పుడు పన్నెండయింది. కంతు పెంచితే కట్టలేరని కంతు అట్లే పెట్టి గడువు పెంచినారు. ఉత్తరాలు కూడా పంపినాము గదప్పా."

ఉత్తరాలు పాత బాడుగ గది అడ్రసుకు పోయాయి. ఆ ఓనరు వాటిని ఏం చేశాడో ఎవరికి తెలుసు?

"నాలుగేండ్లు కట్టినా గదా సార్. ఒక్క నెల తప్పలేదు."

"తప్పలేదు. ఎవురు కాదన్నారు? లక్షా ఎనభై వేల ఏడు వందల ఇరవై కట్టినావు. దాంట్లో అసలుకు పడింది నలభై ఆరు వేల నూట అరవై ఆరు." జయరావు పాత కాగితం ఒకటి తిరగేసి రాస్తున్నాడు. "వచ్చే నెల కంతు సూడు. మూడు వేల ఏడు వందల అరవై అయిదులో మూడు వేల అయిదు వందల ముప్పై ఎనిమిది వడ్డీకే పోతాది. నీ అప్పు తగ్గేది రెండు వందల ఇరవై ఏడు."

చర్చి వీధి వాల్వు గుర్తొచ్చింది. ఆయన నాలుగేళ్ళుగా తిప్పుతున్నది దాన్నే. మునిశేఖర్ కుర్చీ చేతిని గట్టిగా పట్టుకున్నాడు.

"ఇట్లే పోతే మొత్తం ఎంత కడతా సార్?"

జయరావు లెక్క వేసి, అంకె కింద గీత గీసి, కాగితం ముందుకు తోశాడు. పన్నెండు లక్షల నలభై రెండు వేల నాలుగు వందల యాభై. నాలుగు లక్షలకు. రెండు వందల ఎనభై రెండు నెలలంటే ఇరవై మూడున్నరేళ్ళు. మునిశేఖర్‌కు నలభై ఏడు. ఆ వయసు నుంచి అప్పు తీరే వయసు దాకా వేళ్ళు మడిచాడు. డెబ్బై దాటింది. వాళ్ళ వంశంలో డెబ్బై చూసినవాడు లేడు.

"రిటైరయ్యే లోపల తీరాలంటే?"

"పదకొండేండ్లా? నెలకు నాలుగు వేల ఎనిమిది వందల నలభై కట్టాల. అంటే ఇంకా వెయ్యిన్నీ డెబ్బై అయిదు. అప్పుడు నీ లెక్క నూట ముప్పై రెండుకే వస్తాది. మళ్ళీ వడ్డీ పెరక్కుంటే."

"పెరగదు గదా సార్?"

జయరావు కళ్ళద్దాలు తీసి మఫ్లరు కొసతో తుడిచాడు. "అది సెప్పేదానికి నేనెవుర్నప్పా."

చెక్కులు రేపిస్తానని చెప్పి లేచాడు. వాచ్‌మన్ పిలిచి గుర్తు చేసేదాకా కడ్డీ గోడకే ఉండిపోయింది.

మధ్యాహ్నం డ్యూటీలో, ఇరవై ఒక్క ఏళ్ళలో మొదటిసారి, ఆయనకు లెక్క తప్పింది. ఏడు, ఎనిమిది అనుకున్నాడు, తరవాత ఏమొస్తుందో తోచలేదు. జీతం తొమ్మిది వేలు. కూతురు పల్లవి చిత్తూరులో నర్సు ట్రైనింగులో ఉంది, దాని హాస్టలు ఫీజు ఉంది. వెయ్యిన్నీ డెబ్బై అయిదు ఎక్కడినుంచి తేవాలి? తేకపోతే? రిటైరయ్యాక పన్నెండున్నరేళ్ళు ఎవరు కడతారు? మధ్యలో తాను పోతే భార్య వరలక్ష్మమ్మను వాకిట్లో నిలబెట్టి చేతులు అడ్డం పెట్టేది ఈసారి కంపెనీవాళ్ళు. భయం వేసింది. పిల్లవాడికి చీకటంటే వేసేటటువంటి భయం, చెమటలు పట్టించే భయం. వీధి మధ్య గుంత పక్కన గొంతుక్కూర్చున్నాడు.

"ఏం నాయనా, ఈ పొద్దు నీళ్ళు నిలబళ్ళేదు?" మూలింటి పోలేరమ్మ బిందె చంకన పెట్టుకుని నవ్వుతోంది. "బిందెలు, బకెట్లు, అంట్ల గిన్నెలు గూడా నింపేసినా. ఇంగ నా కోడల్ని నిలబెట్టి నింపాల."

మూయవలసిన టైము దాటి నలభై నిమిషాలయింది. మునిశేఖర్ గబగబా లేచి తిప్పాడు. పై వీధి వాళ్ళకు ఆ రోజు నీళ్ళు ఎక్కలేదు. ఇంటిపేరుతో సహా తలుచుకున్నారు.

ఇల్లు చేరేసరికి ఆరయింది. బయటి గోడలకు ఇంకా పూత లేదు. ఊరంతటికీ నీళ్ళు వదిలే మనిషి ఇంటికి మున్సిపాలిటీ గొట్టం రాలేదు. వాకిట్లో వరలక్ష్మమ్మ ట్యాంకరు నీళ్ళు, బిందె రెండు రూపాయలకు కొన్నవి, పొదుపుగా చెంబుతో కనకాంబరాలకు పోస్తోంది. ఆయన ముఖం చూసి చెంబు కింద పెట్టింది.

చెప్పకూడదనే అనుకున్నాడు. కానీ వంటింట్లోకి పోయి తలుపు వెనక నిలబడ్డాడు. ఆమె వెనకే వచ్చింది. నిండిన గడుల వైపు చూస్తూ, అన్నీ ఒకదాని తర్వాత ఒకటి చెప్పేశాడు.

వరలక్ష్మమ్మ తలుపు మీద చివరి వరస కింద ఖాళీగా ఉన్న చెక్కను జానతో కొలిచింది. జానెడున్నర ఉంది.

"ఇంకా ఎన్ని గడులు గీయాల?"

"నూట యాభై."

"పడతాయి," అంది.

అన్నం పెట్టింది. ఆయన ముద్ద కలుపుతూ కూర్చున్నాడు, ఎత్తలేదు. ఆమె ఎదురుగా పీట వాల్చుకుంది.

"మామా, ఈ ఇంటిని బాడుగకిస్తే ఎంతొస్తాది?"

"పదహారు నూర్లొస్తాదేమో."

"కొర్లగుంటలో ఒంటి గది?"

"అయిదు నూర్లు. ఏం?"

"పదకొండు నూర్లు మిగిలినట్టే గదా. ఆయప్ప సెప్పిన దానికంటే ఇరవై అయిదు రూపాయలు ఎక్కువే ఉండాది."

లెక్క ఆమెకే ముందు తట్టింది. మునిశేఖర్ కంచంలోంచి చెయ్యి తీశాడు.

"మళ్ళీ బాడుగింటికా వరాలూ? పదకొండేండ్లు? నడమ నాకేమన్నా అయితే... నాయన్ని యాడ పండుకోబెట్టినామో నువ్వు సూళ్ళేదా?"

"సూసినా." ఆమె కళ్ళు తుడుచుకోలేదు, నీళ్ళు రాలేదు కూడా. "పదకొండేండ్లు నువ్వు సావకుండా ఉండు మామా. నేను నిన్నడిగేది అదొక్కటే. ఇంగేమీ అడగను."

ఆయన తల ఊపాడు. కంతు కడతానని ఒప్పుకున్నట్టే ఒప్పుకున్నాడు. అన్నం తిన్నాడు. తిన్నాక ముప్పై ఆరు చెక్కుల మీద నాలుగు వేల ఎనిమిది వందల నలభై అని రాసి, ఒక్కొక్క తేదీ వేసి, సంతకాలు పెట్టాడు. ఒక్కొక్క తేదీ వేస్తున్నప్పుడు, ఆ రోజుకు ఉంటానా అని మనసులో అడుక్కున్నాడు.

తొమ్మిదో రోజు, గురువారం, ఇల్లు ఖాళీ చేశారు. సామాను ఒక్క ట్రాలీ ఆటోలో పట్టింది. బాడుగకు దిగినవాడు ధర్మేంద్ర, నగరి నుంచి వచ్చి బట్టలంగట్లో పనికి చేరాడు. కొత్తగా పెళ్ళయినవాడు. వరలక్ష్మమ్మ ఇల్లంతా ఊడ్చి, గడపకు పసుపు రాసి, వచ్చేవాళ్ళ కోసం ముగ్గు కూడా వేసింది. కనకాంబరాలకు ఆఖరుసారి నీళ్ళు పోసింది. తాళంచెవి తానే ధర్మేంద్ర భార్య చేతిలో పెట్టి, వెనక్కి చూడకుండా ఆటో ఎక్కింది.

మునిశేఖర్ వంటింట్లోకి ఒకసారి పోయొచ్చాడు.

"ఆ తలుపు వెనక ఏమీ అంటించొద్దు నాయనా, తుడవొద్దు. నెలకొకసారి వస్తా."

"బాడుగకా?" అన్నాడు ధర్మేంద్ర.

"దానికీ వస్తా," అని మునిశేఖర్ సైకిలెక్కాడు. బారుకు కట్టిన కడ్డీ రాళ్ళ దారిలో ఎగిరెగిరి పడుతూ మోగింది. సందు మలుపు దాటాక ఆ మోతా వినబడలేదు.

ధర్మేంద్ర పొయ్యి దించడానికి చోటు కావాలని వంటింటి తలుపు మూశాడు. నిండిన నాలుగు వరసలూ, నిండని పదకొండు వరసలూ, వాటి కింద జానెడున్నర ఖాళీ చెక్కా కనబడ్డాయి. పక్కన మేకుకు కట్టిన దారం చివర, వేళ్ళకు అందీ అందనంత అరిగిన ఎర్ర పెన్సిలు ముక్క కాసేపు ఊగి, ఆగింది.