కాఫీలో కరిగిన తీర్మానం

పొద్దున్నే కాసులమ్మ కాఫీలోకి బెల్లం కొట్టినప్పుడల్లా ఆ ఇంట్లో సొసైటీ మీటింగు ఓ ముక్క వినబడేది. "యూరియా లోడు ఇంకా రాలేదండి" అని ఒకరోజు, బంగారయ్యగారి దగ్గు ఇంకోరోజు. కోడలు సూర్యకళ జడ వేసుకుంటూ వినీ విననట్టు ఊరుకునేది. తొమ్మిదింటికల్లా సొసైటీ తలుపులు తియ్యాలి, ఆమె హడావుడి ఆమెది.

చెరకు పాకం గట్టిపడేటప్పుడు పక్కనున్నవాళ్లు మాట్లాడిన మాటలు బెల్లం దిమ్మలో ఉండిపోవడం అనకాపల్లి చుట్టుపక్కల ఎవరికీ వింత కాదు. అంచుల్లో మొదటి మాటలు, నడిమధ్యన చివరి మాటలు. పగలగొడితే ఒక్కసారి వినబడతాయి, అంతే, మళ్లీ రావు. మార్కెట్లో దళారులు దిమ్మ కొట్టి రంగూ చూస్తారు, చెవి ఒగ్గి మాటలూ వింటారు. మొగుడూపెళ్లాల తగువు వినబడిందా, ఆ సరుకు రెండో రకంలోకి పోయినట్టే. అందుకే పాకం పోసేవేళ గానుగల దగ్గర ఎంత గయ్యాళి అయినా మెత్తగా మాట్లాడుతుంది.

కాసులమ్మ ఇంట్లో దిమ్మ బంగారయ్యగారి గానుగలోది. ఆయన చింతలగరువు రైతుల సహకార సొసైటీకి ప్రెసిడెంటు. కిందటేడు సొసైటీ గదికి సున్నాలేస్తున్నారని పాలకవర్గం మీటింగు తన గానుగ పాకలోనే పెట్టాడు. సూర్యకళని గుమస్తాగా వేసుకున్నది ఆ రోజే. పక్కన పోసిన దిమ్మల్లో ఒకటి, ఆరగానే, "నోరు తీపి చేసుకోండమ్మా" అని వాళ్లింటికి పంపాడు. తర్వాత ఆర్నెల్లకి ఆయనే పోయాడు, పాపం.

రెండువేల ఆరు వేసవిలో సహకార శాఖ ఆఫీసు నుంచి సూర్యకళ పేర ఓ ఆర్డరు వచ్చింది. ఆమెను వేసుకుంటూ పాలకవర్గం తీర్మానం చేసినట్టు రికార్డుల్లో లేదు గనుక నియామకం రద్దు. తీర్మానాల పుస్తకం కోసం సొసైటీ అంతా గాలించారు, దొరకలేదు. డైరెక్టర్లను అడిగితే ఒకరు గుర్తులేదన్నారు, ఇంకొకరు ఎందుకొచ్చిన గొడవన్నారు. ఉద్యోగం పోయిన బాధ ఒకటి, ఊళ్లో 'దొంగ గుమస్తా' అన్న పేరొకటి. ఆ పేరు విన్నాక సూర్యకళకి అన్నం సయించలేదు.

ప్లీడరు త్రినాధరావు హైకోర్టులో రిట్టు వేయించాడు. కోర్టు ఆ ఆర్డరు కొట్టేసింది. కబురు చెప్పడానికి ఇంటికొచ్చినవాడు, అత్తాకోడళ్ల మొహాలు వెలగడం చూసి చెయ్యడ్డం పెట్టాడు.

"అప్పుడే సంబరపడకండమ్మా. నోటీసివ్వకుండా, మీ మాట వినకుండా తీసెయ్యడం తప్పన్నారు, అంతే. మళ్లీ విచారణ పెట్టి తేల్చమన్నారు. అక్కడ తీర్మానం జరిగిందని చూపించలేకపోతే ఈసారి పద్ధతిగా తీసేస్తారు." కాసేపు ఆలోచించి అడిగాడు. "ఆవేళ గానుగలో పోసిన దిమ్మ ఎక్కడైనా ఉందా?"

కాసులమ్మ మెల్లగా లేచి వంటింట్లోంచి డబ్బా తెచ్చి మూత తీసింది. అడుగున పిడికెడు ముక్క ఉంది, దిమ్మ నడిమధ్యది.

"ఏడాదిపొడుగునా తాగీసేం బాబూ" అంది. "ఇది సాచ్చికం అవుద్దని నాకేటి తెల్సు?"

సూర్యకళకి అత్త మీద పట్టరాని కోపం వచ్చింది. ఆ కాఫీ తనూ రెండు పూటలా తాగిందని గుర్తొచ్చి నోరు మూసుకుంది.

విచారణ ఆషాఢంలో, సహకార శాఖ ఆఫీసులో పడింది. చెమ్మ తగలకుండా కాసులమ్మ ఆ ముక్కని ఊకలో పెట్టి, పాత చీర చుట్టి, పసిబిడ్డని చూసినట్టు చూసింది. తనకి తనే శిక్ష వేసుకుని కాఫీ మానేసింది.

విచారణాధికారి లక్ష్మీకుమారి కొత్తగా వచ్చినావిడ. పక్కన ఫైలుతో ఆ ఆఫీసు సూపర్‌వైజరు లోకనాథం కూర్చున్నాడు. రికార్డుల్లో తీర్మానం లేదని నోటు రాసింది ఆయనే.

"ముందర మాటలన్నీ నాను కాఫీలో ఇనీసేనమ్మా. నాను సెప్తాను, మీరు రాసుకోండి" అంది కాసులమ్మ.

"మీరు విన్నది చెల్లదమ్మా. నా ముందు పగిలినదే రాసుకోవాలి" అంది లక్ష్మీకుమారి. ముక్కని కాగితం మీద పెట్టించి, పేపర్‌వెయిట్‌తో తనే ఒక్క దెబ్బ వేసింది.

ముందు దగ్గు వచ్చింది. పోయిన మనిషి దగ్గు వినేసరికి కాసులమ్మ చేతులెత్తి దణ్ణం పెట్టింది.

"మరైతే సూర్యకళమ్మని ఏసుకుందామా? ఏటంటారు?"

"ఏసుకుందాం." "ఏసుకుందాం." ఐదు గొంతులు, ఒకదాని వెనక ఒకటి. ఆఖరున మరో గొంతు వచ్చింది.

"తీర్మానం రాసీసేను, సంతకాలు అయిపోయేయి. పుస్తకం నాను ఆఫీసుకి అట్టుకెళ్లి, స్టాంపేసి వారంలో పంపిత్తాను ప్రెసిడెంటుగారూ."

గదిలో అందరూ లోకనాథం వంక చూశారు. గొంతు ఆయనదే. ఆయన జేబురుమాలు తీసి మెడ తుడుచుకున్నాడు. లేచి బీరువా తలుపు లాగి, ఎలక్షన్ కాగితాల మూటలు రెండు దించి, వాటి వెనక నుంచి దుమ్ముకొట్టుకుపోయిన పుస్తకం తీసి బల్ల మీద పెట్టాడు.

"మరిసిపోయేను మేడమ్" అన్నాడు. నిజంగానే మరిచిపోయాడు, ఆ మొహం చూస్తే తెలుస్తూనే ఉంది.

నియామకం సక్రమమేనని సాయంత్రానికల్లా ఆర్డరు టైపయింది.

సోమవారం సూర్యకళ సొసైటీ తలుపులు తీసేసరికి యూరియా కోసం వీధి మలుపు దాకా వరసగా నిలబడ్డారు. కుర్చీలో కూర్చుని, రిజిస్టరు తెరిచి, తారీకు వేయబోయింది. ఇన్నాళ్లూ కోర్టులో, ఆఫీసులో, ఇంట్లో బిగపట్టుకున్నదంతా అప్పుడు పెల్లుబికి, బల్ల మీద తల పెట్టుకుని భోరున ఏడ్చేసింది. గుండెల మీది బరువు దిగిపోతుంటే ఆపుకోవాలని కూడా అనిపించలేదు.

"ఏటి లేటు? ముందోడు కదలడేటి?" వెనకనుంచి ఎవరో అరిచారు.

ముందు నిలబడ్డ కన్నబాబు వెనక్కి తిరిగాడు. "ఉండండెహె! గుమస్తమ్మగారు ఏడుత్తన్నారు. యూరియా ఎక్కడికీ పారిపోదు."

వరసలో ఉన్నవాళ్లంతా ఖాళీ సంచులు కింద పరుచుకుని కూర్చున్నారు.