నానని రేణువు

మా ల్యాబ్‌లో నన్ను కొలబద్ద అంటారు. ఎదురుగా కాదు లెండి, వెనకాల. ఎదురుగా అంటే నేను ఊరుకోనని వాళ్లకి తెలుసు. ఇరవై రెండేళ్లుగా నా పని ఒకటే. తేనె సీసాలు వస్తాయి, ఆ తేనెలో ఉన్న పుప్పొడి రేణువుల్ని మైక్రోస్కోపు కింద పెట్టి కొలుస్తాను. రేణువు ఏ ఆకారంలో ఉందో తేలితే అది ఏ పువ్వుదో తేలుతుంది. ఏ పువ్వుదో తేలితే సీసా మీద అంటించిన పేరు నిజమో బుకాయింపో తేలుతుంది.

ఆకారం అంటే ఇష్టం వచ్చినట్టు గుండ్రంగా ఉంది, కోలగా ఉంది అని రాయడానికి వీల్లేదు. భూమికి ఉన్నట్టే రేణువుకీ రెండు ధ్రువాలుంటాయి, నడుముంటుంది. ధ్రువం నుంచి ధ్రువానికి పొడవెంతో, నడుము దగ్గర వెడల్పెంతో కొలిచి, పొడవుని వెడల్పుతో భాగించాలి. ఒకటికి కాస్త అటూ ఇటూగా వస్తే గోళాభం, నిమ్మకాయలాగా. ఒకటీ మూడోవంతు దాటితే దీర్ఘగోళాభం, ఖర్జూరం గింజలాగా. ఒకటికి బాగా తక్కువైతే చిపిటం, నెత్తిమీద ఎవరో కూర్చుని లేచినట్టు. కొత్తగా చేరినవాళ్లెవరైనా మైక్రోస్కోపు కంటద్దంలోకి చూసి "అన్నీ గుండ్రంగానే ఉన్నాయిగా సార్" అన్నారంటే నాకు ఒళ్లు మండిపోతుంది. గుండ్రం అనేది ఒక మాటా? గుండ్రం అని మా అక్క కూడా అంటుంది, దానికి చదువెందుకు?

ఆ అక్కే ఆ రోజు ఆరుసార్లు ఫోన్ చేసింది.

మా బావ తేనెటీగలు పెంచుతాడు. వాళ్ల ఇంటికి పైన కొండవాలు, దాని నిండా తెల్లపూల ముళ్లపొదలు. ఆ పూల తేనెకి మంచి పేరు. వాలు కింద పెద్ద పొలాల్లో పశువుల కోసం మేతమొక్క వేస్తారు, దాని తేనె చవక. చవక తేనెని మంచి తేనెలో కలిపేవాళ్లు ఉంటారు కాబట్టే మా ల్యాబ్ ఉంది, నా ఉద్యోగం ఉంది. వాలు మీద పెట్టెలు పెట్టుకునే ముప్పై మందికి ఒక సంఘం ఉంది, దానికి బావ పెద్ద. ఎవరైనా కలిపినట్టు తేలితే వాళ్ల పెట్టెలు వాలు మీంచి దించెయ్యాలని రూలు పెట్టింది కూడా బావే.

"పదిహేడో నంబరు సీసా మాదేనట్రా" అంది అక్క ఫోన్లో. "గురువారం సంఘం మీటింగు. ఆ లోపల కాగితం వస్తే మీ బావే అందరికంటే ముందు చూపిస్తాడు. పెద్దన్నాక ముందుండాలి కదా."

"నాలుగు రోజులు పడుతుందక్కా. నిదానమే ప్రధానం అని ఊరికే అన్నారా?"

"ఆలస్యం అమృతం విషం అని కూడా అన్నారు. చిన్నప్పుడు అన్నం కూడా మెతుకు మెతుకూ లెక్కపెట్టుకు తినేవాడివి నువ్వు. ఈ ఒక్కసారికి కొంచెం తొందరగా కానియ్యరా, నీకు పుణ్యం ఉంటుంది."

చుట్టాల సీసా వస్తే పుస్తకంలో ఆ సంగతి రాసి పక్కకి తప్పుకోవాలని మా ఆఫీసులో రూలు. తప్పుకుంటే అది ఇంకొకరి బల్ల మీదికి వెళ్లి, వాళ్లు మూత తీసేసరికి గురువారం కాస్తా దాటిపోతుంది. నేను తప్పుకోలేదు. చుట్టమైతే ఏంటి, కాకపోతే ఏంటి, నా చేతిలో కొలత కొలతే కదా అనుకున్నాను. ఆ పొగరే కొంప ముంచింది.

తేనెని గోరువెచ్చటి నీళ్లలో కలిపి, యంత్రంలో గిర్రున తిప్పితే రేణువులు మడ్డిలాగా అడుగుకి చేరతాయి. ఆ మడ్డిని మంచినీళ్లలో గంటసేపు నానబెట్టాలి. తేనెలో ఉన్నన్నాళ్లూ రేణువు లోపలి తడంతా తేనె లాగేసుకుంటుంది, రేణువు ముడుచుకుపోయి సన్నగా, పొడుగ్గా అయిపోతుంది. నానితేనే దాని అసలు ఆకారం దానికి తిరిగొస్తుంది. ఈ ముక్క ఇరవై రెండేళ్లలో ఎంతమందికి నేర్పానో లెక్కలేదు. ఆ మధ్యాహ్నం, అక్క ఐదో ఫోన్‌కీ ఆరో ఫోన్‌కీ మధ్య, మడ్డిని తిన్నగా గాజుపలక మీద వేసి, అంచులు అతికించేసి, కొలవడం మొదలుపెట్టాను. కావాలని మానలేదు. మరిచిపోయాననీ అనలేను. చెయ్యి ముందుకెళ్లిపోయింది, అంతే.

నలభై రేణువులు కొలిచాను. సగటు ఒకటి పాయింట్ ఆరు. దీర్ఘగోళాభం. అంటే ముళ్లపొద కాదు, మేతమొక్క.

నిజం చెప్పాలి, ఒక్క క్షణం కూడా నా కొలతని అనుమానించలేదు. బావనే అనుమానించాను. నోట్లో వేలు పెట్టినా కొరకని మనిషి, కట్నం ఊసెత్తకుండా మా అక్కని చేసుకున్న మనిషి, అలాంటివాణ్ణి నలభై రేణువులు చూసి కల్తీగాణ్ణి చేసేశాను. పైగా సొంత అక్క కాపురమైనా సరే ఉన్నది ఉన్నట్టు రాశానని నా భుజం నేనే తట్టుకున్నాను.

గురువారం సాయంత్రం అక్క ఫోన్ చేసింది. ఈసారి గొంతులో తొందర లేదు.

"మీ బావ ఏమీ అనలేదురా. కాగితం రెండుసార్లు చదివాడు. కింద నీ సంతకం చూసి, వాడు రాశాడంటే అంతేలే అన్నాడు. మళ్లీ పరీక్ష కావాలా అని ఒక కాగితం ఉంటుందిగా, దాని మీద అక్కర్లేదని రాసిచ్చాడు. ఈగలు వాలు దిగి మేతమొక్కకి పోయుంటాయి, నేనే కనిపెట్టుకోలేకపోయాను అన్నాడు."

"సంఘంవాళ్లు ఏమన్నారు?"

"వాళ్లు అనేదాకా ఈయన ఆగితేగా! రూలు పెట్టింది నేనే, ముందు నా పెట్టెలే దించండి అన్నాడు. నలభై పెట్టెలూ పెరట్లోకి వచ్చేశాయి. బట్టలారేసుకోడానికి కూడా చోటు లేదు." అక్క నవ్వబోయింది, నవ్వు రాలేదు. "నువ్వేం బాధపడకు. నీ పని నువ్వు చేశావు."

ఆ మాటకి కూడా నాకు గర్వంగానే అనిపించింది. సిగ్గులేని గర్వం.

మూడు వారాల తర్వాత పుస్తకాలు సరిచూసుకుంటున్నాను. ప్రతి సీసాకీ ఒక వరస, ప్రతి వరసలో నానిన సమయం అని ఒక గడి. గంట, గంట, గంటా ఐదు నిమిషాలు. పదిహేడో నంబరు దగ్గర గడి ఖాళీ. నా చేతిరాతలో, నా పుస్తకంలో ఖాళీ.

పుస్తకం పట్టుకుని మా డైరెక్టరు గదికి పరిగెత్తాను. ఆవిడ కళ్లజోడు పైకి నెట్టుకుని గడి చూసింది.

"రాయడం మరిచిపోయుంటావు. నానబెట్టకుండా నువ్వు కొలవడమేంటి?"

"నానబెట్టలేదు మేడం. తొందరలో ఉన్నాను. ఆ సీసా మా అక్కవాళ్లది."

ఆవిడ కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టింది. "చుట్టమని అప్పుడు తెలుసా?"

"తెలుసు."

"తెలిసీ వాళ్లకి వ్యతిరేకంగా రాశావు. అంటే ఆ రోజు రాసింది నిజమే అయ్యుంటుంది. ఇవాళ అక్క ఏడుస్తుంటే చూడలేక మార్చమంటున్నావు. నేనే కాదు, ఎవరైనా అలాగే అనుకుంటారు."

"రెండో సీసా ఉంటుందిగా మేడం, సీలు వేసింది. ఇంకెవరిచేతనైనా చేయించండి."

"వాళ్లు మళ్లీ పరీక్ష అక్కర్లేదని రాసిచ్చారు. రాసిచ్చిన వారానికి పారబోస్తాం. ఆ సంగతి నేను నీకు చెప్పాలా, తాతకి దగ్గులు నేర్పినట్టు?" పుస్తకం మూసి నా వైపు జరిపి, మెల్లగా అంది. "చుట్టం సీసా ముట్టుకున్నావని నేను పైకి రాస్తే నీ ఉద్యోగం పోతుంది, వాళ్ల కాగితం మాత్రం మారదు. ఇంటికెళ్లు."

చేతులు కాలాక పట్టుకోడానికి ఆకులు కూడా లేవు నాకు. ఒక్క గాజుపలక ఉంది, పదిహేడో నంబరుది, నా చేత్తో చేసింది కాబట్టి ఆఫీసులో సాక్ష్యానికి పనికిరానిది. దాన్ని జేబురుమాల్లో చుట్టి, చిన్న మైక్రోస్కోపు సంచిలో పెట్టుకుని ఆదివారం బస్సెక్కాను. దారిలో సంఘం ఆఫీసు దగ్గర దిగి అక్కడున్నవాళ్లకి కూడా చెప్పాను. "బాగుందండీ, బావకి బావమరిది సాక్ష్యమా" అని నవ్వి మంచినీళ్లిచ్చారు.

అక్కవాళ్ల పెరట్లో గోడ పొడుగునా పెట్టెలు. వాటి ముందు నేల మీద చచ్చిన ఈగలు, ఊడ్చిన చోటే మళ్లీ రాలుతున్నాయి. చుట్టూ ఇళ్లే, పువ్వన్నది లేదు. వాలు మీద ముళ్లపొదలు ఇంకో పది రోజులు పూస్తాయి, ఆ తర్వాత పైకి తీసుకెళ్లినా లాభం లేదు. బావ ఒక పళ్లెంలో పంచదార నీళ్లు పోసి పెట్టెల దగ్గర పెడుతున్నాడు. మనిషి చిక్కిపోయాడు.

"రారా" అన్నాడు. "ఏంటి ఈ సంచి?"

బట్టలుతికే రాయి మీద మైక్రోస్కోపు పెట్టాను. పలక పెట్టి, చూడమన్నాను. బావ వంగి చూశాడు.

"ఇవి మీ తేనెలోవే బావా. పొడుగ్గా ఉన్నాయా?"

"ఉన్నాయి."

పలక అంచు బ్లేడుతో లేపి, లోపలికి ఒక చుక్క నీళ్లు వదిలాను. పక్కనే ఇంకో పలక, పోల్చి చూపించడానికి ల్యాబ్ నుంచి తెచ్చిన మేతమొక్కది. దానికీ ఒక చుక్క. గంటసేపు ఇద్దరం ఆ రాయి పక్కన కూర్చున్నాం. బావ పెట్టెల గురించి ఏవో చెప్పాడు, నాకు ఒక్కటీ చెవికెక్కలేదు. గంటయ్యాక మళ్లీ చూపించాను. మేతమొక్కవి పొడుగ్గానే ఉన్నాయి. పదిహేడో నంబరువి నిండుగా ఉబ్బి, నిమ్మకాయల్లా ఉన్నాయి. గోళాభం. ఇంకే మాటా సరిపోదు.

"చూశారా? మీ తేనె ముళ్లపొదదే. మీ ఈగలు ఎక్కడికీ పోలేదు. నేను నానబెట్టలేదు, తప్పు నాది."

బావ చాలాసేపు చూశాడు. తల ఎత్తినప్పుడు ఆయన కళ్లు తడిగా ఉన్నాయి. హమ్మయ్య, నమ్మాడనుకున్నాను.

"ఏరా, ఇరవై రెండేళ్లలో ఎన్ని సీసాలు కొలిచుంటావు?"

"వేలల్లో."

"ఎన్నిసార్లు తప్పు రాశావు?"

"ఇదొక్కసారే" అన్నాను.

"అన్ని వేలల్లో ఒక్కటీ తప్పక, నా సీసా దగ్గరే తప్పావా?" భుజం మీద చెయ్యి వేశాడు. "ఏ నీళ్లు పోస్తే ఏది ఎలా మారుతుందో నీకు తెలుసు, నాకేం తెలుసు? నీ రాతని పది ఊళ్లు నమ్ముతాయిరా. నాకోసం ఆ పేరు పాడుచేసుకోకు."

"బావా, మీ మీద ఒట్టు, నేను..."

"ఒట్లొద్దు. నాకోసం ఇంత దూరం వచ్చావు, చాలు. మీ అక్కకి మాత్రం చెప్పకు. తమ్ముడు అబద్ధమాడాడంటే అది తట్టుకోలేదు."

ఏడుపొచ్చింది. అరవాలనిపించింది. ఇన్నేళ్లూ ఏ పేరైతే చూసుకుని మురిసిపోయానో, అదే అడ్డంగా నిలబడింది. దాన్ని తప్పించడం నా వల్ల కాలేదు.

అంతలో అక్క టీ గ్లాసులు తెచ్చింది. "ఏం చూపిస్తున్నాడు మీకు, అంతసేపు?"

"ఏం లేదు. రేణువులు ఎంత బాగుంటాయో చూపిస్తున్నాడు" అన్నాడు బావ.

అక్క గ్లాసులు రాయి మీద పెట్టి, కొంగు నడుముకి దోపుకుని, ఒక కన్ను మూసి వంగింది. పదిహేడో నంబరు పలక మీదికి.

"అబ్బ! ఎంత గుండ్రంగా ఉన్నాయో!" అంది.

"అవునక్కా" అన్నాను.