మునగని కుడుక

నేను ఒక గడియ కుడుకను. దోసిలంత రాగి గిన్నెను, అడుగున సూదిమొనంత చిల్లు. ఏ ఇంట్లోనైనా గిన్నెకు చిల్లు పడితే మాటు వేయిస్తారు. నన్ను చేసిన కంచరి మాత్రం కళ్లు చికిలించుకుని, ఊపిరి బిగబట్టి మరీ ఆ చిల్లు పొడిచాడు. గంగాళం నీళ్లలో వదిలితే చిల్లులోంచి నీరెక్కి, ఒక గడియకు, అంటే మీ లెక్కలో ఇరవై నాలుగు నిమిషాలకు, బుడుంగున మునుగుతాను. మునగడమే నా ఉద్యోగం.

ఆ ఉద్యోగం మబ్బులమెట్ట మీది కాలవిద్యాపీఠంలో. కాలాన్ని సాగదీయడం, కుదించడం, కాసేపు నిలబెట్టడం అక్కడ నేర్పేవారు. ఇంత విద్య ఉన్న చోట ఒక్క పనీ వేళకు జరిగేది కాదు. పిల్లలు ఆటల వేళను సాగదీసేవారు, పంతుళ్లు పాఠాల వేళను కుదించేవారు, మధ్యలో అన్నం ఎప్పటికీ ఉడకక వంటమనిషి దాలమ్మ తల పట్టుకునేది. పీఠాధిపతి పరాంకుశం గారైతే తన పదవీ విరమణకు ముందురోజునే ఏళ్ల తరబడి సాగదీస్తున్నారని పిల్లలు చెవులు కొరుక్కునేవారు. మనుషులకు ఎంత కాలం ఇచ్చినా చాలదు పాపం.

పీఠంలో ఆఖరి పరీక్ష ఇలా ఉండేది. నేల మీద ముగ్గుతో గుండ్రంగా ఒక గీత గీసి, దాని లోపల నన్ను నీళ్లలో వదిలి, పక్కనే అగరుబత్తి వెలిగిస్తారు. పరీక్షకు కూర్చున్నవాళ్లు గీత లోపలి కాలాన్ని సాగదీయాలి. నేనూ ఆలస్యంగా మునగాలి, అగరుబత్తీ ఆలస్యంగా కాలాలి. గీత బయట పరాంకుశం గారు తీరిగ్గా కాఫీ తాగి, పేపరు చదివి, ఒక కునుకు తీసేదాకా నేను తేలుతూ ఉంటే మెడలో దండ పడుతుంది. అగరుబత్తిని చూడటం మాత్రం ఆయన ఎప్పుడో మానేశారు. కుడుక ఉండగా అదెందుకని.

నూకాలు అనే పిల్ల అప్పటికి రెండుసార్లు తప్పింది. మూడోసారి తప్పితే ఇంటికి పంపేస్తారు. ఆమె తల్లి రైల్లో జామకాయలు అమ్ముతుంది. వాళ్ల ఊళ్లో పాసింజరు ఆగేది రెండు నిమిషాలే. గంప నెత్తిన పెట్టుకుని పెట్టెలోకి ఎక్కి, అమ్మి, కదిలే బండిలోంచి దూకాలి. కిందటేడు అలా దూకి మోకాలి చిప్ప పగలగొట్టుకుంది. ఆ రెండు నిమిషాలను కాస్త సాగదీయాలని నూకాలు ఈ విద్యకు వచ్చింది. కాలాన్ని ఒక పనికి వాడదామని వచ్చిన మనిషి అక్కడ నాకు ఆమె ఒక్కతే కనిపించింది.

పరీక్ష రోజు దాలమ్మ నన్ను చింతపండు పెట్టి తళతళలాడేలా తోమింది. అందులోని పీచు ఒకటి నా చిల్లులో ఇరుక్కుంది. ఇంకేముంది, నేను బాతులా తేలుతూనే ఉన్నాను. అంతకుముందు చెప్పులు వేసుకోవడానికి కూడా ఆలస్యం చేసేవాళ్లు సైతం ఆ రోజు వరసగా కాలాన్ని జయించారు. దండలే దండలు. పరాంకుశం గారి కళ్లు చెమర్చాయి.

చివరికి నూకాలు కూర్చుంది. నేను తేలుతున్నాను. ఆయన దండ తీసుకుని లేచారు కూడా. ఆ పిల్ల నన్ను చూసింది, అగరుబత్తిని చూసింది. నోరు మూసుకుంటే చాలు, గెలిచినట్టే. ఆమె అంది:

"గురువుగారండీ, కుడుక మునగనేదు గానీ అగరొత్తి అయిపోనాది. కాలం ఆగనేదండి."

చీపురుపుల్లతో పొడిచి పీచు తీసింది. నేను మునిగాను. మునగడం నాకు ఎన్నడూ అంత బాధ కలిగించలేదు.

పరాంకుశం గారు బాగా ఆలోచించి తీర్పు చెప్పారు. వేసిన దండలు తీయించడం అశుభం కాబట్టి వాళ్లంతా గెలిచినట్టే, నూకాలు తప్పినట్టు. నన్ను అపశకునమని పాత సామాన్ల కుప్పలో పారేయించారు. నూకాలు వెళుతూ వెళుతూ అడిగితే దాలమ్మ కుప్పలోంచి తీసి ఇచ్చింది.

ఇప్పుడు నా మకాం వాళ్ల ఊరి స్టేషన్‌లో, జామకాయలు కడిగే బకెట్టులో. వచ్చిన కొన్నాళ్లకే ఒక రోజు బండిలో జనం కిక్కిరిసి ఉన్నారు. తల్లి పెట్టె మధ్యలో ఇరుక్కుపోయింది. గార్డు పచ్చజెండా ఎత్తబోతున్నాడు. నూకాలుకు ఒక్క మంత్రమూ గుర్తు రాలేదు. కిటికీల్లోంచి కనిపిస్తున్న గంపనే చూస్తూ నిలబడింది. పీఠంలో ఆమెకు వదలబుద్ధి కాని క్షణం ఒక్కటీ లేదు, ఇక్కడ ఉంది.

నీళ్లు నా అంచుదాకా వచ్చి ఆగిపోయాయి. జెండా సగంలో నిలిచింది. తల్లి ఒక్కతే కదులుతోంది. నూకాలు నా వైపు చూడలేదు. టీ కొట్టులో దేవుడి పటం ముందున్న అగరుబత్తి వైపు చూసింది. దాని పొగ నిట్టనిలువుగా, గీత గీసినట్టు ఆగి ఉంది.

తల్లి తాపీగా మెట్టు దిగి, గంప దించి, కొంగుతో మొహం తుడుచుకుంది. అప్పుడు జెండా లేచింది, బండి కదిలింది, నేను బుడుంగున మునిగాను.

"ఇయాల జనం ఎంత మంచోలే," అంది తల్లి. "ఒక్కలూ తోసుకోనేదు."